ఉతికి ఇచ్చిన ఖాకీ అంగీ

మా సంఘానికి పేరు లేదు. పేరంటూ పెడితే బోర్డు పెట్టాలనిపిస్తుంది, బోర్డు పెడితే పదిమందీ వచ్చి కూర్చుంటారు అని మా సార్ వాదన. ఎవరైనా అడిగితే యోగా క్లాసు అని చెప్పేవాళ్లం. కల్లూరులో ఒక పిండిమిల్లు మీది గదిలో, ఆదివారం మధ్యాహ్నం మూడు గంటలకు కలిసేవాళ్లం. ఆ పూట మిల్లుకు సెలవు కాబట్టి చప్పుడుండదు. కింద కిరాణా అంగడామె ఒకరోజు నన్ను ఆపి, ఇన్నాళ్లుగా యోగా చేస్తున్నారు, మీలో ఒక్కరూ సన్నపడలేదేమిటని అడిగింది. మాది కూర్చుని చేసే యోగా అని చెప్పి మెట్లెక్కాను. అబద్ధం కూడా కాదు. మేం కూర్చునే చేసేవాళ్లం. మాకు వచ్చిన కలలు రాసుకోవడం, చదువుకోవడం, ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూసుకోవడం, అంతే మా పని.

నేను కర్నూలులో ఒక ప్రైవేటు ల్యాబ్‌లో టెక్నీషియన్‌ని. ఇరవై ఏళ్లు దాటింది. పొద్దున ఆరున్నరకే తెరుస్తాం. పరగడుపున రక్తం ఇవ్వాల్సిన వాళ్లంతా ఆ వేళకే వచ్చి బెంచీ మీద కూర్చుంటారు. టీ చుక్క గొంతులో పడలేదు కాబట్టి ఎవరికీ మంచి మూడ్ ఉండదు, నాకూ ఉండదు. ఆ బెంచీ మీదే సార్‌ని మొదట చూశాను. పాతబస్తీలో ఉర్దూ స్కూల్లో పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. నెలనెలా షుగర్ చూపించుకోవడానికి వచ్చేవాడు. తన నంబరు వచ్చేలోపు పక్కవాళ్లతో ఏదో గుసగుసలాడేవాడు, జేబులోంచి చిన్న పుస్తకం తీసి రాసుకునేవాడు. ఇన్సూరెన్స్ ఏజెంటేమో అనుకున్నాను. ఒకరోజు చెవిన పడింది. రాత్రి మీకేం కల వచ్చిందని అడుగుతున్నాడు.

నాకు ఒళ్లు మండింది. ఇది ల్యాబ్ సార్, సోది చెప్పే చోటు కాదు అన్నాను, అందరూ వినేలాగే. ఆయనేమీ నొచ్చుకోలేదు. కుర్చీలో కూర్చుని చేయి చాపి, "బేటీ, పరగడుపున రక్తమొకటే కాదు, కల గూడా నిజం చెప్తాది. టీ తాగినాక రెండూ చెడిపోతాయి" అన్నాడు.

నా వృత్తిలో ఉన్నవాళ్లెవరూ ఆ మాటను కొట్టిపారేయలేరు. సూది తీసి దూది పెట్టేలోపు నా కల నేనే చెప్పేశాను. ట్యూబుల నిండా రక్తం ఉంది, ఒక్కదానికీ లేబుల్ లేదు, బయట జనం తలుపు కొడుతున్నారు. ఆయన రాసుకుని, రాత్రి ఏం తిన్నావమ్మా అని మాత్రం అడిగాడు. అర్థం చెప్పలేదు. అది నాకు నచ్చింది. మా వైపు ఎవరికైనా కల చెప్పి చూడండి. పళ్లూడితే ఎవరో పోతారంటారు, పాము కనిపిస్తే మొక్కు బాకీ ఉందంటారు. కల చెప్పిన మనిషి నోరు మూసేలోపే తీర్పు వచ్చేస్తుంది.

సంఘం నియమాలన్నీ సార్ పెట్టినవే. నిద్ర లేవగానే, ఎవరితోనూ మాట్లాడకముందే, మొహం కూడా కడగకముందే కల రాసేయాలి. చేతికందిన కాగితం మీద రాయాలి. దాన్ని మళ్లీ చక్కగా దించి రాయకూడదు, ఎందుకంటే దించేటప్పుడు మనిషి తెలివి కలుపుతాడు. పేరు వేయకూడదు, తారీఖూ ముందురాత్రి తిన్నదీ వేయాలి. ఆదివారం చీటీలన్నీ ఒక మిఠాయి డబ్బాలో వేసి, ఒకరిది ఇంకొకరు చదవాలి. ఇది ఎవరిదని అడగకూడదు, నిజమా అని అడగకూడదు, అర్థం అసలే చెప్పకూడదు. చదివాక సార్ రిజిస్టర్‌లో ఎక్కిస్తాడు. ఉన్నదే కొద్దిమందిమి కాబట్టి ఎవరి రాత ఏదో అందరికీ తెలుసు. తెలియనట్టే కూర్చునేవాళ్లం.

మూడో మనిషి కడప బండల వ్యాపారి. జమ్మలమడుగు వైపు పెద్ద రైతు కుటుంబం. అన్నదమ్ములు రాజకీయాల్లో తిరుగుతారు. ఇళ్లు కట్టేవాళ్లకు నాపరాళ్లు తోలే పనిమీద శనివారం కర్నూలు వచ్చి, ఆదివారం మా దగ్గర కూర్చుని, సాయంత్రం బస్సుకు పోయేవాడు. మీసం చూస్తే ఎవరైనా పక్కకు తప్పుకుంటారు, చీటీల నిండా మాత్రం మహానంది కోనేరే. అడుగున గులకరాళ్లు కనబడే ఆ నీళ్లలో దిగి నిలబడి ఉంటాడు, అంతే కల. ఈ సంగతి మా అన్నకు తెలిస్తే ఊళ్లో తలెత్తుకోనీడు అని నవ్వేవాడు. ఒక ఏడాది శ్రీశైలం గేట్లు ఎత్తిన వారం మా అందరి చీటీల్లోనూ నీళ్లు వచ్చాయి. సార్‌కు పట్టరాని సంతోషం. అందరం టీవీలో అదే చూశాం కదా సార్ అని నేను ఆ సంతోషం మీద నీళ్లు చల్లాను. నా బుద్ధి అంత. ఇంట్లో నన్ను స్పిరిట్ సీసా అని ఊరికే అనరు.

నాలుగో ఆమె కూడా ల్యాబ్ బెంచీ మీదే దొరికింది. కల్లూరులో పాత చర్చి వెనక ఉంటుంది, ఒక స్కూల్లో ఆయా. కూలి పనుల మీద బతికిన కుటుంబం, తాతల నాటి నుంచి ఆ చర్చిలోనే ప్రార్థన. భర్త కల్లూరు నుంచి కర్నూలు బస్టాండుకు షేర్ ఆటో నడిపేవాడు. ఏడాదిన్నర కింద ఆటో స్టాండులోనే, ప్యాసింజర్ల కోసం సీట్లో కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడు. సార్ అలవాటు చొప్పున కల సంగతి అడిగితే, నాకు పడవు సార్, పడితే బాగుండు అందట. అందుకోసమే మా దగ్గరికి వచ్చింది. చర్చి పెద్దలకు తెలిస్తే తప్పుగా అనుకుంటారని భయం ఉన్నా వచ్చింది.

మొదటి ఆదివారమే తనకేం కావాలో దాచుకోకుండా చెప్పింది. "ఆయప్ప ప్రభువు దగ్గరుండాడని నమ్ముతాండా సార్. యాడుండాడో తెలుసుకోవాలని కాదు. ఆయప్ప గొంతు మర్సిపోతాండా. ఒక్కసారి కల్లోకొచ్చి ఏమన్నా అంటే సాలు. తిట్టినా సాలు."

ఫోటోలు ఉన్నాయట. ఆయన వాడింది బటన్ల ఫోను, అందులో మాటలేవీ మిగల్లేదు. ఆమెను ఎక్కువగా కాల్చేది ఆడబిడ్డ. వారం వారం వచ్చి, మా అన్న రాత్రి కల్లోకొచ్చినాడు, అన్నం తిన్నాడు, నవ్వినాడు అని చెప్పిపోయేది. తోడబుట్టినామె కలలోకి అన్నిసార్లు వెళ్లిన మనిషికి, పదిహేడేళ్లు కాపురం చేసిన భార్య గుమ్మం గుర్తుకు రాలేదా అని ఆమె బాధ. ప్రతి ఆదివారం ఆమె కూడా చీటీ వేసేది. నియమం కాబట్టి వేసేది. క్యాలెండర్ చింపిన ముక్క మీద పెన్సిల్‌తో, "పడలేదు" అని ఒక్కటే మాట. అది నా చేతికి వచ్చిన వారం నాకు మిగతా రోజంతా ఏ పనీ తోచేది కాదు.

ఒక ఆదివారం ఆమె ప్లాస్టిక్ కవరు ఒకటి తెచ్చింది. దాని మూతి తాడుతో గట్టిగా కట్టి ఉంది. లోపల ఆయన ఖాకీ అంగీ. చనిపోయిన రోజుకు ముందురోజు విప్పి దండెం మీద వేసింది. బట్టలన్నీ పంచేసినా ఇది మాత్రం ఉతక్కుండా ట్రంకుపెట్టెలో దాచుకుంది. ముడి విప్పి మా ముందు పెట్టింది. పెట్రోలు, చెమట, బీడీ, కొబ్బరినూనె. మనిషిని చూడకపోయినా మనిషి ఉన్నట్టే అనిపించింది. వాసనకు కలను పిలిచే గుణం ఉందని సార్ ఎప్పటినుంచో అంటున్నాడు. ఆయన రిజిస్టర్‌లో దానికొక పేజీయే ఉంది. దీన్ని తలకింద పెట్టుకునే పడుకుంటున్నావా అని అడిగాడు. రోజూ రాత్రి పెట్టెలోంచి తీసి పెట్టుకుంటున్నానని, అయినా రాలేదని చెప్పింది.

అక్కడ నేను కల్పించుకున్నాను. ఒకరి మీదే చూస్తే ఏదీ తేలదు, ఆయన్ని ఎప్పుడూ చూడని మన ముగ్గురి దగ్గర ముందు పెట్టి చూద్దాం, వాసనకు నిజంగా బలముంటే ఆటోనో ఖాకీనో ఏదో ఒకటి మన కలల్లోకి రావాలి, అప్పుడు ఆమెకు ఎందుకు రావడం లేదో ఆలోచించవచ్చు అన్నాను. ల్యాబ్ బుద్ధి. చెప్పేటప్పుడు నా మాటలు నాకే ఎంతో ముచ్చటగా అనిపించాయి. ఆమె అంగీ వైపు చాలాసేపు చూసింది. ఇవ్వడం ఇష్టం లేదని అర్థమవుతూనే ఉంది. చివరికి సరేనంది. రెండు రాత్రులు పెట్టుకోండి, పొద్దున్నే కవర్లో పెట్టి మూతి కట్టేయండి అని మాత్రం చెప్పింది.

మొదటి వారం అంగీ బండల వ్యాపారితో బస్సులో జమ్మలమడుగు పోయి వచ్చింది. ఆయనకు ఆటో కనిపించింది. అయితే వారంలో నాలుగు రోజులు ఆటోల్లోనే తిరుగుతానని తనే ఒప్పుకున్నాడు. రెండో వారం సార్‌ది. ఆయనకు ఎప్పుడో చనిపోయిన తమ్ముడు గోడ మీద కూర్చుని బీడీ కాలుస్తూ కనిపించాడట. చీటీ నేనే చదివాను. చదవడం అయ్యాక సార్ కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. మూడో వారం నాది.

మా ఇంట్లో అంగీ గురు, శుక్రవారాలు రెండు రాత్రులు నా దిండు పక్కన పడుకుంది. నాకేమీ రాలేదు. అసలు కలే రాలేదు. "ఏమీ లేదు" అని చీటీ రాసి పెట్టుకున్నాను. మూడో రోజు శనివారం. మాకు కుళాయి నీళ్లు రోజు మార్చి రోజు వస్తాయి, వచ్చిన రోజు ఇంట్లో గుడ్డన్నది మిగలకుండా ఉతికేస్తాను. ఆ పొద్దున అంగీ కవర్లో పెట్టబోతూ కాలరు చూశాను. నల్లగా పేరుకుని ఉంది. ఒకరి బట్ట మన ఇంటికి వస్తే మురికిగా తిరిగి పంపకూడదని మా అమ్మ పెంపకం. పక్కింటి వాళ్ల గిన్నె అయితే తోమి, అందులో ఏదో ఒకటి వేసి ఇవ్వాలి. బట్టయితే ఉతికి, మడతపెట్టి ఇవ్వాలి. పైగా భర్త పోయిన మనిషి, ఆమె దగ్గర మిగిలిన ఒక్క గుర్తు. మర్యాదగా ఇవ్వాలి కదా. గోరువెచ్చని నీళ్లలో నానబెట్టాను. కాలరుకు సబ్బు పెట్టి బ్రష్షుతో రుద్దాను. జేబు లోపలి అంచుల్లో దుమ్ముంటే తిరగేసి మరీ కడిగాను. ఊడిపోబోతున్న గుండీ ఒకటి కనిపిస్తే దారంతో బిగించాను. గంజి పెట్టి, ఇస్త్రీ చేసి, కొత్త కవర్లో పెట్టాను.

ఇప్పుడు ఎవరికి చెప్పినా నమ్మరు. మతిమరుపుతో జరిగింది కాదు. ఆ అంగీ ఎందుకు వచ్చిందో నాకు తెలుసు, అందులో వాసనే ముఖ్యమని నేనే ఉపన్యాసం ఇచ్చాను. ఒకరి బట్ట ఉతికి ఇవ్వాలన్నదీ నాకు తెలుసు. రెండూ నా తలలోనే ఉన్నాయి, ఒకదానికొకటి ఎదురుపడలేదు. రక్తం తీసిన ట్యూబు మీద వేలిముద్ర పడితేనే కింది పిల్లల్ని అరిచే మనిషిని నేను.

ఆదివారం నేనే కవరు ఆమె చేతిలో పెట్టాను. ఆమె మడత విప్పకుండానే అంగీని ముఖానికి ఆనించుకుంది. తర్వాత దించి, "ఉతికినారా మేడం?" అని అడిగింది.

అవునమ్మా, కాలరు బాగా మురికిగా ఉంటే, అని మొదలుపెట్టాను. గుండీ సంగతి కూడా చెప్పబోయాను. సగం మాటలో నాకు తెలిసింది. గోడ పట్టుకున్నాను.

"మంచిదే మేడం. మురికిగానే ఉండె" అంది ఆమె. అంగీని అదే మడతల్లో మళ్లీ కవర్లో పెట్టుకుంది. స్కూల్లో ఏదో పని ఉందని చెప్పి మెట్లు దిగి వెళ్లిపోయింది. ఆదివారం స్కూలుండదు.

తిట్టి ఉంటే బాగుండేది. ఆ తిట్టేదేదో బండల వ్యాపారి తిట్టాడు. "ఏం మేడం, మీ ల్యాబులో నెత్తురు గూడా కడిగినాకనే పరీచ్చ చేస్తారా?" అన్నాడు. సార్ అతన్ని కసురుకున్నాడు కానీ, నా వైపు చూడలేకపోయాడు. ఆ సాయంత్రం ఇంటికి వచ్చి స్నానాల గదిలో కూర్చుని ఏడ్చాను. నీళ్ల చప్పుడు వినబడక, మోటారు పని చేయడం లేదా అని మా ఆయన బయటి నుంచి అడిగాడు. ఆయనకు ఇప్పటికీ నేను యోగాకు పోతున్నట్టే లెక్క. ఏమని చెప్పను?

తర్వాత మూడు ఆదివారాలు నేను వెళ్లలేదు. సార్ ఫోన్ చేస్తే నడుం నొప్పి అన్నాను. ఆయన నమ్మలేదు. ఉన్న సంగతి చెప్పేశాను. ఆమె భర్త ఇంక ఎప్పటికీ కలలోకి రాకపోతే ఆ పాపం నాదే, ఆమె ముఖం చూడలేను అన్నాను. ఆయన సరేనని పెట్టేశాడు. వెళ్లి ఆమెకు చెప్తాడని నేను అనుకోలేదు.

నాలుగో వారం సోమవారం పొద్దున, ఏడు గంటలప్పుడు, ఆమె మా ల్యాబ్ లైన్లో నిలబడి ఉంది. తన వంతు వచ్చాక కుర్చీలో కూర్చుంది. ఏం టెస్ట్ అని అడిగాను, ముఖం చూడకుండా. టెస్ట్ ఏమీ లేదని, పర్సులోంచి ఒక చీటీ తీసి బల్ల మీద పెట్టింది. నా చీటీ వేరేవాళ్లే చదవాలి కదా, మీరేమో రావడం లేదు అంది.

విప్పాను. "అంగీ ఉతుకుతాండా. ఎనక నిలబడి ఆయప్ప, సబ్బు శానా పెట్టినావు అన్న్యాడు. గొంతు బాగా ఇనపడింది" అని ఉంది. కింద, రాత్రి తిన్నది సంగటి, పప్పు అని రాసి ఉంది.

వచ్చాడు, మాట్లాడాడు అనుకున్నాను. ఎన్నాళ్ల నుంచో గుండె మీదున్న బండ ఎవరో దించినట్టయింది. ఆ తర్వాత నా కళ్లు వాటి పని అవి చేశాయి. నిద్ర లేచి రాసిన చీటీలు వందలు చూశాను. అక్షరాలు ఒకదాని మీదొకటి ఎక్కుతాయి, వాక్యం మధ్యలో తెగిపోతుంది. ఇది గీతల నోటుపుస్తకం కాగితం. నీలం పెన్ను. ఒక్క అక్షరం కూడా గీత దాటలేదు. పై కాగితం మీద ముందు రాసి కొట్టేసిన వాక్యం ఒకటి దీని మీద అచ్చు పడి కనిపిస్తోంది.

అడగకూడదన్నది నియమం. అడిగాను. ఇది కల కాదు కదా అన్నాను.

ఆమె వెనక లైన్ వైపు ఒకసారి చూసి, గొంతు తగ్గించింది. "కాదక్కా. ఆయప్ప రాలేదు. మీరు ఉతికినందుకే రాడని మీరు బాధ పడతాండారంట, సార్ చెప్పినాడు. ఉతక్కముందు ఆ అంగీ ఏడాదిన్నర నా తలకిందనే ఉండె. అప్పుడూ రాలేదు."

దీన్ని రిజిస్టర్‌లో ఎక్కించలేను అన్నాను. అంతకంటే మంచి మాట ఆ వేళకు నా నోటికి రాలేదు.

"రిజిస్టర్‌కు రాయలేదక్కా" అంది. "మీకు రాసినా."

ఏడుపు ఆగలేదు. చేతులకు గ్లౌజులుండటంతో కళ్లు తుడుచుకోవడం కూడా కుదరలేదు. వెనకున్న ముసలాయన, సూది గుచ్చించుకునే ఆమె బాగానే ఉంది, గుచ్చే ఆమె ఏడుస్తోందేమిటని పక్కవాళ్లను అడుగుతున్నాడు. లైన్లో సణుగుడు మొదలైంది. ఆమె అది విని, జాకెట్టు చెయ్యి పైకి మడిచి, చేతిని బల్ల మీద చాపింది. ఎట్లాగూ వచ్చాను కదా, పరగడుపునే ఉన్నాను, షుగర్ చూడండి అంది.

పట్టీ కట్టాను. దూదితో తుడిచాను. నరం పైకే కనిపిస్తోంది, కళ్లు మూసుకుని కూడా తీయగలిగే నరం. మొదటిసారి దొరకలేదు. రెండోసారీ దొరకలేదు. ఆమె చేయి కదపలేదు.